మామ్మగారికి నేను పెట్టిన గొంతు

జనవరి 7

ఇందుమూలంగా దోహా పక్కన అల్ వుకైర్‌లోని ఈ విల్లా వంటింటి ప్రజలకు, అనగా డ్రైవరు తిరుమల్‌కీ, ఫ్రిజ్ వెనక కాపురముంటున్న బల్లికీ తెలియపరచడమేమనగా: నీలం మూత డబ్బాలోని అల్లం పచ్చడి నేటి నుంచి లూర్దమ్మగారి సొంత ఆస్తి. అందులో తడి చెంచా పెట్టినవారికి, పెట్టి తుడిచేసినవారికి, పెట్టలేదని ఒట్టేసినవారికి మూడు రోజుల పాటు టీ నిలిపివేయబడును. ఇంటి యజమానురాలు క్లేర్ మేడానికి ఈ చట్టం వర్తించదు. ఆవిడ ఆ డబ్బా మూత తీస్తేనే తుమ్ముతుంది.

ఇంతవరకూ తిరుమల్‌కి గట్టిగా చదివి వినిపించాను. మిగతాది నా సొంతం.

"బల్లికి గూడ నోటీసిచ్చినవా అక్కా?" అన్నాడు.

"బల్లికి సిగ్గుంటుందిరా. చెబితే వింటుంది."

"అంటే మా జగిత్యాలోళ్లకు సిగ్గు లేదంటవు."

"ఏమోరా, మా రాజోలు నుంచి చూస్తే కనబడట్లేదు మరి."

ఏడో తరగతి తప్పాను గానీ నోటికి మాత్రం ఎప్పుడూ ఫస్టు మార్కే.

జనవరి 10, శుక్రవారం

మూడేళ్ల నుంచి నేను ఒళ్లు రుద్దుతున్నది ఒక సినిమా యాక్టరుకట!

క్లేర్ మేడం ఎక్కడో ఇంటర్నెట్‌లో వెతికి పట్టుకుని, పెద్ద టీవీలో పెట్టింది. బొమ్మ నలుపూ తెలుపూ. మెట్ల మీద నుంచి ఓ పిల్ల దిగి వస్తోంది. నడుం నా పిడికిలంత. మెడ చూస్తే కొంగమెడ. "ఎవరో చెప్పుకో" అంది మేడం. నేను తెర మీదకీ, చక్రాల కుర్చీలో ఉన్న వాళ్లమ్మ, మా మామ్మగారి మీదకీ మార్చి మార్చి చూశాను. ముక్కు దొరికింది. తొంభై రెండేళ్లొచ్చినా ముక్కు ముసలిదవదు కాబోలు.

"అయ్యబాబోయ్ మామ్మగారూ!" అని కేక పెట్టాను.

ఆ పిల్ల తెర మీద నోరు తెరవబోయేసరికి మామ్మగారు రెండు చెవుల్లోంచి మిషన్లు తీసేసి ఒళ్లో పెట్టుకుంది. మేడం చూడలేదు. నేను చూశాను.

జనవరి 11

తల దువ్వుతూ కూపీ లాగాను. నాకు అర్థమయ్యేలా నెమ్మదిగా చెప్పింది.

నాలుగే సినిమాలు. ఇరవయ్యో ఏట మొదలు, ఇరవై మూడో ఏట సరి. మొదటిదాంట్లో ట్రే పట్టుకునే పనిమనిషి. రెండోదాంట్లో నర్సు. మూడోదాంట్లో టెలిఫోను దగ్గర కూర్చునే పిల్ల. నాలుగోది నిన్న మేడం పెట్టిన సినిమా, జమీందారు ఇంటి పిల్ల వేషం. నిజానికి ఈవిడ పుట్టింది ఇంగ్లండులో ఉత్తరాన చేపల రేవులో. తల్లి చేపలు కోసి అమ్మేది. మా అమ్మా అంతేనని చెబితే నా చెయ్యి పట్టుకుంది.

సినిమా మొదటి ఆటకి తల్లిని పక్కన కూర్చోబెట్టుకుందట. తెర మీద తను నోరు తెరిచింది. ఇంకెవరిదో గొంతు వచ్చింది. చేపల రేవు యాస జమీందారు పిల్లకి అతకదని, ఈవిడకి మాట మాత్రం చెప్పకుండా మరో అమ్మాయి చేత మాట్లాడించేశారు. చీకట్లో తల్లి అడిగిందట: "బెరిల్, ఎవరే ఆ మాట్లాడేది?"

మళ్లీ స్టూడియో గుమ్మం తొక్కలేదు. దుఖాన్ నూనె బావుల్లో పనిచేసే ఇంజనీరుని చేసుకుని ఈ ఇసకలోకి వచ్చేసింది. తిరిగి ఇంగ్లండు వెళ్లాక ఆయన పోతే, ఇక్కడే స్కూల్లో పనిచేస్తున్న కూతురు దగ్గరకి మళ్లీ వచ్చింది.

ఇదంతా విని నేను ఏడవాలి. దువ్వెన చేతిలో ఉండగానే చప్పట్లు కొట్టాను.

"అయితే మీరు అసలు సిసలు హీరోయిన్ అన్నమాట మామ్మగారూ! మా సినిమాల్లో అంతే. మొహం హీరోయిన్‌ది, గొంతు వేరేవాళ్లది. సొంత గొంతుతో మాట్లాడుకునేది వెనకాల నీళ్లగ్లాసు పట్టుకున్న పనిమనిషి. మీకు డబ్బింగ్ చెప్పించారంటే పైమెట్టు ఎక్కించినట్టే!"

సగం ఇంగ్లీషులో, సగం చేతులతో చెప్పాను. ఆవిడ భుజాలు ఎగిరేలా నవ్వింది.

"డెబ్భై ఏళ్లలో ఈ మాట నాకెవరూ చెప్పలేదు, లూ."

నన్ను లూ అంటుంది. లూర్దమ్మ ఆవిడ నోటికి బరువు.

జనవరి 13

పొద్దున పేపరు పైకి చదివింది. మూడేళ్లలో ఎప్పుడూ లేదు. ఈ రోజు గాలి ఎంత, ఏ విమానాలు ఆలస్యం, ఎవరి గుర్రం గెలిచింది. ఏ యాసో నాకు తెలియదు గానీ బుట్ట దింపుకుని "చేపలో" అని కేకేసినట్టు ఉంది. మాట చివర పైకి లేస్తుంది.

తిరుమల్ గుమ్మంలో నిలబడి విన్నాడు. "మామ్మ మంచిగ సదువుతుంది గదా అక్కా. మా యాసను గూడ సినిమాల కమెడియన్లకే పెడ్తరు. హీరోకు పెట్టరు" అన్నాడు.

నేను వాడిని ఏదో ఎకసెక్కం చేశాను. ఏమన్నానో గుర్తులేదు. వాడు టీ తాగకుండా వెళ్లిపోయాడు.

జనవరి 14

పేపరు చదివింది. స్నానం చేయిస్తుంటే సబ్బు మీది అక్షరాలు కూడా చదివింది.

జనవరి 17, శుక్రవారం

మేడం ఫ్రెండ్స్‌తో ముషైరిబ్ షికారుకి వెళ్లింది. ఇల్లు మాది. మామ్మగారి కుర్చీ వంటింట్లోకి తోశాను. మేడం టాబ్లెట్‌లో ఆ సినిమా పెట్టి, సౌండ్ తీసేశాను.

"నేను మాట్లాడనా మామ్మగారూ, మీకు? తెలుగులో?" అని అడిగాను.

"చెయ్యి, లూ" అంది.

ఇంకేముంది. చిన్నప్పటి నుంచి ఫాదర్‌గారి గొంతు, టీచరు గొంతు, మా అత్త గొంతు దించి చావుదెబ్బలు తిన్న మనిషిని. జమీందారు పిల్ల మెట్లు దిగింది. దొరబాబు సిగరెట్టు కాలుస్తూ నిలబడ్డాడు. నేను గొంతులో తేనె పోసుకుని అందుకున్నాను: "ఏవండోయ్, గ్యాసు అయిపోయిందండి. పులుసు సగం ఉడికి ఆగిపోయిందండి. ఆ పొగేదో పొయ్యి కింద పెట్టండి, చింతపండు విడుతుంది." ఆ పిల్ల కళ్లలో నీళ్లు. పెదవులు నా మాటకి ఎంత సరిగ్గా పడ్డాయో! తిరుమల్ నేల మీద కూర్చుండిపోయాడు. టాబ్లెట్ తెరనే వీడియో తీస్తున్న ఫోను మాత్రం కిందకి దించలేదు.

తర్వాత ఇంకేదో అన్నాను. నోటికి వచ్చింది. దానికి వాడు ఇంకా నవ్వాడు.

మామ్మగారు కిటికీ వైపు తిరిగింది. ఎండ కళ్లలో పడిందేమో.

జనవరి 19

తిరుమల్ దాన్ని వాళ్ల ఊరి గ్రూపులో పెట్టాడట. "మనోళ్లకే అక్కా, బయటికి పోదు" అన్నాడు. నాకూ పంపాడు. నాలుగుసార్లు చూసుకున్నాను. బాగా చెప్పాను, అబద్ధం ఎందుకు.

జనవరి 21

అబూ హమూర్ మార్కెట్లో ఉల్లిపాయల దగ్గర ఇద్దరు మనవాళ్లు ఫోను మీద తలలు ఆనించుకుని నవ్వుతున్నారు. నా గొంతు. మూట భుజాన ఉన్నవాడు మూట దింపి మరీ చూస్తున్నాడు. "ఈ పోరి ఎవలోగాని, గొంతు పెట్టినామె మాత్రం రాక్షసి" అన్నాడు. వాళ్ల పక్కనే నిలబడి కావలసినదాని కన్నా ఎక్కువ ఉల్లిపాయలు ఏరాను. కడుపు నిండిపోయింది.

రాజోలు నుంచి మా పెదనాన్న కూతురు కూడా అదే వీడియో పంపింది. "ఎవరో మన వైపు ఆవిడే, ఆ దీర్ఘాలు చూడు" అని రాసింది.

నేనే అని రాయలేదు. ఎందుకు రాయలేదో.

జనవరి 22

వీడియో తీసేయమన్నాను. తీసేశాడు. "నేను తీసిన గాని అక్కా, అది ఇప్పుడు మన చేతుల లేదు. యాడాడికో పోయింది" అన్నాడు.

అయినా ఆవిడే కదా చెయ్యమంది.

జనవరి 26

మేడం స్కూల్ నుంచి ఎగురుకుంటూ వచ్చింది. ఆవిడతో పనిచేసే ఫర్హా అనే మలయాళీ టీచరు చూపించిందట. ఫర్హాకి తెలుగు రాదు. తెలుగని మాత్రం కనిపెట్టింది. మేడానికి ఆపాటి కూడా తెలియదు. నా గొంతు కూడా ఆవిడకి తెలియదు. నేను ఆవిడతో మాట్లాడేదంతా "యెస్ మేడం, నో మేడం, ఫినిష్ మేడం" కదా.

"మమ్మీ, చూడు! నీకు ఇండియాలో అభిమానులున్నారు! డెబ్భై వేల మంది చూశారు!" అని ఫోను మామ్మగారి మొహానికి దగ్గరగా పెట్టింది. వీడియో కింద వరసగా నవ్వే బొమ్మలు. "అందరూ ఎంత సంతోషపడుతున్నారో చూడు" అంది.

ఈసారి మామ్మగారు చెవి మిషన్లు తీయలేదు. ఆఖరి దాకా చూసింది. వంటింట్లో తన ఎదుట నేను చేసిందే ఆ తెరమీద ఉందని ఆవిడకి అర్థమైంది. అది ఊళ్లు తిరిగిందని కూడా అర్థమైంది. నా వైపు చూడలేదు.

"లూర్డ్స్, ఇది మీ భాషే కదా? అమ్మ ఏమంటోందో చెప్పు" అంది మేడం.

పులుసని చెప్పనా? చింతపండని చెప్పనా? తర్వాత అన్నది చెప్పనా?

"మేడం... 'నీ కోసం చాలా కాలం చూశాను. నువ్వు రాకపోయినా నా మనసు మారదు' అంటోంది మేడం" అన్నాను. పనిలో పనిగా చెయ్యి గుండె మీద పెట్టుకున్నాను కూడా. నా చెయ్యి నాకే అసహ్యం వేసింది.

మేడానికి కళ్లు చెమర్చాయి. "ఎంత బాగుంది! ఆ గొంతు ఎవరిదో మీవాళ్లని అడిగి కనుక్కోగలవా? థాంక్స్ చెప్పాలి."

నా నోరు, ఫస్టు మార్కు నోరు, తెరుచుకుని అలాగే ఉండిపోయింది.

"ఎవరో పెద్ద నటి అయి ఉంటుంది, క్లేర్" అంది మామ్మగారు. "ఇక ఆపెయ్."

జనవరి 27

పేపరు చదవలేదు. అద్దాలు అడగలేదు.

స్నానాల గదిలో, వీపు మీద నీళ్లు పోస్తుండగా అంది: "నిన్న నువ్వు క్లేర్‌కి చెప్పింది అందులో లేదు కదా."

"లేదు మామ్మగారూ."

"ఆ డ్రైవరు రెండుసార్లు నవ్వాడు. మొదటిది మామూలు నవ్వు. రెండోది ఊపిరాడని నవ్వు. రెండోది దేనికి?"

నాలుగే సినిమాలైతేనేం, నటి నటే. నవ్వు ఎక్కడ పడిందో పట్టుకుంది. పులుసు మాట చెప్పి తప్పించుకోబోయాను. "అది మొదటి నవ్వు" అంది.

చెప్పాను. ఇక్కడ కూడా రాస్తాను. పదిహేడున రాయలేదు. ఆ జమీందారు పిల్ల కన్నీళ్లతో దొరబాబు మొహంలోకి చూస్తుంటే నేనన్న మాట ఇది: "నన్ను చూసి మోసపోకండి బాబూ. ఇంకో డెబ్భై ఏళ్లు ఆగితే దోహాలో తేల్తాను. పూటకో డైపరు, పక్కకో ప్లాస్టిక్ గుడ్డ, కడగడానికో లూర్దమ్మ. అప్పుడు ఎత్తుకుని తీసుకెళ్తారేమో చూస్తాను."

నాకు వచ్చిన ఇంగ్లీషులో ఇది చెప్పాను. తెలుగులో అది సామెతలా దొర్లిపోయింది. ఇంగ్లీషులో ఒక్కో మాట వెతుక్కుని, ఒక్కోటి ఆవిడ ముందు పెట్టాల్సి వచ్చింది. డైపరు. ప్లాస్టిక్. కడగడం. అందులో నవ్వేదేదీ లేదు.

మగ్గు నా చేతిలోనే ఉంది. నీళ్లు పొయ్యాలో మానాలో తెలియలేదు. ఆవిడ చెయ్యి చాపి, కొక్కేనికి ఉన్న తువ్వాలు తనే అందుకుంది. ఎప్పుడూ అందుకోలేదు. అందదు కూడా, సగం జారిపోయింది. దాన్నే మీదికి లాక్కుని కప్పుకుంది.

"థాంక్యూ, లూర్డ్స్" అంది.

జనవరి 28

లూ అనలేదు.

జనవరి 29

తిరుమల్ మీద విరుచుకుపడ్డాను. నీ ఫోను వల్లే, నీ గ్రూపు వల్లే, నీ నవ్వు వల్లే అన్నాను. వాడు కారు తుడుస్తున్నాడు. గుడ్డ పిండి బానెట్ మీద ఆరేసి నెమ్మదిగా అన్నాడు:

"ఫోను నాదే. పంపింది నేనే. తప్పు నాది గూడ ఉంది అక్కా, లేదంటలేను. రాత్రి నుంచి మా అమ్మకు ఫోన్ చెయ్యబుద్ధి కాలే. ఆమెకూ పక్క మీదనే అన్నీ. కని మాట నీదే గదా."

"ఆవిడే చెయ్యమందిరా! అడిగే చేశాను. చెయ్యి లూ అందా లేదా?"

వాడు నా మొహంలోకి చూశాడు.

"నేను పక్కనే ఉన్న గదక్కా" అన్నాడు. అంతే. మళ్లీ గుడ్డ తీసుకున్నాడు.

జగిత్యాలవాడికి చెవుడు.

జనవరి 30

మేడం పిలిచి నవ్వుతూ చెప్పింది: "నీకు నడుం నొప్పి అని మమ్మీ చెప్పింది. పాపం, ఇన్నాళ్లూ చెప్పలేదేం? స్నానానికీ పక్క మార్చడానికీ వేరే మనిషిని పెడుతున్నాను. నువ్వు వంట చూసుకో చాలు."

నాకు నడుం నొప్పి లేదు. ఎప్పుడూ లేదు.

ఆవిడ నన్ను ఇంట్లోంచి పంపేయొచ్చు. ఒక్క మాట చాలు, ఇక్కడ వీసా వాళ్ల చేతుల్లో ఉన్నవాళ్లం. అలా చెయ్యలేదు. కూతురి ముందు నా పరువు కూడా కాపాడింది. తన ఒంటి మీద నుంచి మాత్రం నా చేతులు తీసేయించింది.

ఫిబ్రవరి 1

కొత్త మనిషి వచ్చింది. కనీజ్ అట, హైదరాబాదావిడ. మాట తక్కువ. తలుపు వేసి స్నానం చేయిస్తుంది. నేనెప్పుడూ తలుపు వేసేదాన్ని కాదు. చేయిస్తూ చేయిస్తూ తిరుమల్‌తో కబుర్లు కేకేసి చెప్పేదాన్ని. మామ్మగారు చాలాసార్లు తలుపు వైపు చూసేది. గాలి కోసమనుకున్నాను.

గాలి కోసమే అనుకున్నానా?

కనీజ్‌ని అడిగాను, "పేపరు చదువుతోందా?" అని.

"కౌన్‌సా పేపర్? అమ్మ మాట్లాడనే మాట్లాడదు గదా" అంది. ఆవిడకి మాట రాదనుకుంటోంది.

ఫిబ్రవరి 2

అల్లం పచ్చడి తిరుమల్ గదిలో పెట్టేసి వచ్చాను. మూత తీయకుండా తెచ్చి మళ్లీ ఫ్రిజ్‌లో పెట్టాడు.

ఫిబ్రవరి 4

క్లేర్ మేడం మామ్మగారిని డాక్టరుకి చూపించింది. గొంతుకి ఏమీ లేదట. నాలుకకి ఏమీ లేదట. మెదడుకి ఫొటో తీశారు, వయసుకి బాగానే ఉందట. "మరి ఎందుకు మాట్లాడదు?" అని మేడం వంటింట్లో నన్ను పట్టుకుని ఏడ్చింది. ఆవిడ వీపు నిమిరాను. ఈ ఇంట్లో నేను తాకదగ్గ వీపు ఆవిడదొక్కటే మిగిలింది.

చెప్పేద్దామనుకున్నాను. ఆ గొంతు నాదే మేడం, అని. నోటి దాకా వచ్చింది. "టీ పెట్టనా మేడం" అన్నాను.

ఫిబ్రవరి 6

మేడం స్కూల్లో ఒక సాయంత్రం ఆ సినిమా వేస్తారట. ఆ వీడియో చూసిన దగ్గర్నుంచీ అందరికీ మామ్మగారిని చూడాలని ఉందట. సినిమా అయ్యాక ఆవిడ మైకులో నాలుగు మాటలు చెబితే చాలట. మామ్మగారు తల అడ్డంగా ఊపింది. మేడం బతిమాలింది, అలిగింది. చివరికి నా దగ్గరకి వచ్చింది.

"నువ్వు చెప్పు లూర్డ్స్. అమ్మ నీ మాట వింటుంది."

టీ కప్పు పట్టుకుని వెళ్లాను. వారం తర్వాత ఆ గదిలోకి వెళ్లడం. కనీజ్ తల బాగా దువ్వింది, పాపిడి మాత్రం తప్పు వైపు తీసింది. మామ్మగారు కిటికీలోంచి బయటికి చూస్తోంది. కప్పు పక్కన పెట్టి కింద కూర్చున్నాను. ఏం చెప్పాలో మెట్ల మీదే తయారు చేసుకున్నాను: అక్కడికి రండి మామ్మగారూ, మీ సొంత గొంతుతో మాట్లాడండి, మీ చేపల రేవు గొంతుతో, డెబ్భై ఏళ్లకి అందరూ వింటారు, నేను ముందు వరసలో కూర్చుంటాను. మంచి మాటలే. నా కోసం తయారు చేసుకున్నవి. ఆవిడ మాట్లాడితే నాది చెరిగిపోతుందని.

"మామ్మగారూ, ఆ రోజు..." అన్నాను.

ఆవిడ నా వైపు తిరిగింది. చెయ్యి కొంచెం పైకెత్తింది, అరచెయ్యి నా వైపు.

"ప్లీజ్, డోంట్" అంది.

పది రోజుల తర్వాత ఆవిడ నోటి నుంచి నాకు వచ్చిన మాట. గట్టిగా అనలేదు. మాట చివర పైకి లేచింది.

ఈసారి ఆగాను. కప్పు తీసుకుని కిందకి వచ్చేశాను. మేడంతో "నో మేడం. మామ్మగారు నో" అన్నాను. మేడం గట్టిగా తలుపు వేసుకుంది.

ఈసారి, అని రాశాను. ఎందుకంటే ఆ మాట నేను వినడం ఇది రెండోసారి. పదిహేడో తారీఖున, టాబ్లెట్‌కి సౌండ్ తీసేసి, నేను మాట్లాడనా అని అడిగినప్పుడు, ఆవిడ చెయ్యి ఇలాగే ఎత్తింది. అరచెయ్యి ఇలాగే. ఆ రెండు మాటలూ అర్థం కానంత ఇంగ్లీషేమీ కాదు. తిరుమల్ కూడా విన్నాడు.

"చెయ్యి, లూ" అని ఆవిడ ఎప్పుడూ అనలేదు. అది నేను రాసుకున్న డబ్బింగు.